చార్మినార్ దగ్గర నలభై నిమిషాలు నిలబడండి

చార్మినార్ చూడ్డానికి వచ్చేవాళ్లలో ఎక్కువమంది దారి ఒకటే. మదీనా దగ్గర ఆటో దిగుతారు, పత్తర్‌గట్టి మీదుగా జనంలో పడి నడుస్తారు, కట్టడం ముందు సెల్ఫీ దిగుతారు, లాడ్ బజార్‌లో గాజులు బేరమాడతారు, చాయ్ తాగి వెళ్లిపోతారు. గంటన్నరలో అంతా అయిపోతుంది. ఎలా ఉందని అడిగితే "అబ్బ, ఏం జనం!" అంటారు. నడుస్తూ చూసేవాళ్లకు అక్కడ జనం తప్ప వేరే ఏమీ కనబడకపోవడం సహజమే. ఒకచోట నిలబడినవాళ్లకు మాత్రం ఆ జనంలోనే తాళం వినబడటం మొదలవుతుంది. నిలబడటమంటే ఐదు నిమిషాలు సరిపోదు, కనీసం నలభై కావాలి.

ఎందుకంటే మొదటి పది పదిహేను నిమిషాలు కన్ను రంగుల వెంటే పోతుంది. గాజుల తళుకు, దుపట్టాలు, పళ్ల బండ్లు. ఆ మోజు తీరాక ఒకే పని రెండోసారి, మూడోసారి జరగడం మెల్లగా పట్టుబడుతుంది. ఇందాక నిండు గ్లాసులతో వెళ్లిన కుర్రాడే ఖాళీ గ్లాసులతో తిరిగొస్తాడు, మళ్లీ నిండుగా వెళ్తాడు. పళ్లు అమ్మే ఆయన ఒక వరస అమ్ముడుపోగానే వెనకవి ముందుకు జరిపి, తడిగుడ్డతో తుడిచి, మళ్లీ గోపురంలా పేరుస్తాడు. ఆ ఒక్క చుట్టు ఎంతసేపు పట్టిందో గడియారం చూసుకుంటే చాలు, అక్కణ్నుంచి మిగతావీ వాటంతటవే తెలుస్తాయి.

ఈ చౌరస్తాను కదలిక కోసమే కట్టారు. 1591లో మహమ్మద్ కులీ కుతుబ్‌షా కట్టించిన ఈ కట్టడం ఒక్కో వైపు దాదాపు 20 మీటర్లు. నాలుగు దిక్కులా ఉన్న కమాన్లు ఒక్కొక్కటి 11 మీటర్ల వెడల్పు. దారికి అడ్డంగా గోడ కట్టలేదు, దారులు తన కాళ్ల సందుల్లోంచి పోయేలా నిలబెట్టారు. ఉత్తరానికి పత్తర్‌గట్టి, దక్షిణానికి షాలీబండ, తూర్పున సర్దార్ మహల్ వైపు దారి, పడమర లాడ్ బజార్. ఉత్తరం వైపు రెండు మూడు నిమిషాలు నడిస్తే గుల్జార్ హౌజ్ ఫౌంటెన్, దాని చుట్టూ చార్ కమాన్ అనే నాలుగు తోరణాలు. ఆ నాలుగింటిలో తూర్పుది కాలీ కమాన్, పూర్వం రాజ నగారాలు ఉండిన నక్కార్‌ఖానా. చార్మినార్ నాలుగు వైపులా కనిపించే గడియారాలు పెట్టింది 1889లో. కాలాన్ని చెవికి వినిపించిన చోటూ, కంటికి చూపించే చోటూ ఇలా పక్కపక్కనే ఉన్న కూడలి తెలుగు నేల మీద ఇంకోటి నాకు తోచదు.

ఎక్కడ నిలబడాలి అన్నది పెద్ద విషయమే. నడి దారిలో నిలబడితే జనం తోసుకుపోతారు, చూపు ఎక్కడా నిలవదు. లాడ్ బజార్ మొదట్లో ఏదైనా స్తంభానికో గోడకో వీపు ఆనించి, ముఖం చార్మినార్ వైపు పెట్టండి. వెనక ఎవరూ రారన్న నమ్మకం ఉంటేనే మనిషి స్థిమితంగా చూడగలడు. పొద్దున్నే వెళ్తే ఒక జాగ్రత్త: బోణీ కాకముందు కొట్టు ముందు ఊరికే నిలబడొద్దు. కొనేవాళ్లకు అడ్డమని యజమాని నొచ్చుకుంటాడు, అది న్యాయమే. రెండో చోటు చార్మినార్ మొదటి అంతస్తు. టికెట్ కొని ఇరుకైన మెట్ల చుట్టలో పైకెక్కాలి. మెట్లు ఎత్తుగా, చీకటిగా ఉంటాయి, బరువు సంచులతో ఎక్కడం కష్టం. పైనుంచి నాలుగు దారుల్నీ పక్కపక్కన పెట్టి పోల్చవచ్చు. ఉత్తరపు దారిలో జనం గీత గీసినట్టు తిన్నగా వస్తారు. పడమటి దారిలో అదే జనం ఎడమ కొట్టు నుంచి కుడి కొట్టుకు జడ అల్లినట్టు నడుస్తారు. కింద నిలబడితే ఈ అల్లిక కనిపించదు.

లెక్కపెట్టడం ఇష్టమైతే ఒక పద్ధతి ఉంది. రెండు స్తంభాల మధ్య ఒక గీత ఉందనుకోండి. సరిగ్గా 10 నిమిషాల పాటు దాన్ని దాటినవాళ్లను లెక్కపెట్టండి, ఇటు వచ్చేవాళ్లు వేరు, అటు పోయేవాళ్లు వేరు. ఆరుతో గుణిస్తే గంటకు ఎంతమందో వస్తుంది. పొద్దున 7, 11, సాయంత్రం 5, రాత్రి 9 గంటలకు అదే గీత దగ్గర చేయాలి. చాలామంది తప్పుచేసేది ఇక్కడే, నీడ కోసమో చాయ్ కోసమో రెండోసారి గీత మార్చేస్తారు, అప్పుడు నాలుగు అంకెలు ఉంటాయి గానీ పోల్చడానికి ఏమీ ఉండదు. నడక వేగం కావాలంటే ఒక మనిషిని ఎంచుకుని 15 సెకన్లలో ఎన్ని అడుగులు వేశారో చూసి నాలుగుతో గుణించండి, అలా పదిమందిని చూసి మధ్య అంకె తీసుకోండి. సాయంత్రం లాడ్ బజార్‌లో మాత్రం ఇది పనికిరాదు. నాలుగడుగులకోసారి ఆగే చోట అడుగుల బదులు ఎన్నిసార్లు ఆగారో లెక్కపెట్టాలి.

ఈ బజారు అసలు లయ చేతుల్లో ఉంది. లక్క గాజు తయారవడం ఒక్కసారి మొదటి నుంచి చివరి దాకా చూసినవాళ్లు గాజుల కొట్టును మళ్లీ పాత కంటితో చూడలేరు. లక్కకు మైదాపిండిలా మెత్తగా ఉండే పొడి, రంగు కలిపి కరిగించి ముద్ద చేస్తారు. ఆ ముద్దను కర్ర చివర పట్టించి బొగ్గుల కుంపటి మీద తిప్పుతారు. మెత్తబడ్డ భాగాన్ని చదునైన పలక మీద చెక్కతో నొక్కి దొర్లిస్తే సన్నని తీగలా సాగుతుంది. కొలతకు కోసి, రెండు కొసలూ వేడి చేసి అతికి, ఒక వైపు సన్నగా ఇంకో వైపు లావుగా ఉండే కర్ర దిమ్మకు ఎక్కించి గుండ్రం చేస్తారు. ఆ తర్వాత మళ్లీ వేడి చూపించి, మెత్తగా ఉన్నప్పుడే రాళ్లు ఒక్కొక్కటిగా అద్దుతారు. వేడి చూపడం, తిప్పడం, నొక్కడం, మళ్లీ వేడి. ఈ నాలుగే దరువు.

దరువు తప్పితే గాజు చెబుతుంది. వేడి ఎక్కువైతే లక్క బుడగలొచ్చి నల్లబడుతుంది. తక్కువైతే రాయి పైపైన అంటుకుంటుంది గానీ లోపలికి దిగదు, నాలుగు రోజుల్లో ఊడిపోతుంది. అతుకు దగ్గర రెండు కొసలూ ఒకే వేడిలో లేకపోతే సన్నని గీత మిగులుతుంది, చేయి దూర్చేటప్పుడు అక్కడే విరుగుతుంది. అందుకే కొనేటప్పుడు రాళ్ల మెరుపు కన్నా ముందు గాజును వేళ్ల మధ్య నెమ్మదిగా తిప్పి అతుకు ఎక్కడుందో వెతకండి. వెతికినా దొరకకపోతే అది మంచి చేయి చేసిన గాజు. ఇంటికి తెచ్చాక కారు డాష్‌బోర్డు మీద ఎండలో వదిలేయకూడదు, వేడి నీళ్లు తగలనివ్వకూడదు. లక్క వేడికే మెత్తబడింది కాబట్టి వేడికే వంకరపోతుంది. హైదరాబాద్ లక్క గాజులకు 2024లో జీఐ (భౌగోళిక సూచిక) గుర్తింపు వచ్చింది.

గాజు సైజు గురించి తెలియక వెనక్కి తెచ్చేవాళ్లు ఎందరో. 2-4, 2-6, 2-8 అనేవి దశాంశాలు కావు. గీత తర్వాతి అంకె అంగుళంలో పదహారో వంతులు. 2-4 అంటే రెండుంబావు అంగుళాల లోపలి వ్యాసం, 2-8 అంటే రెండున్నర. ఇంట్లో కొలుచుకోవాలంటే బొటనవేలును చిటికెన వేలి వైపు మడిచి, వేళ్లు దగ్గరగా పెట్టి, చేయి ఎక్కడ వెడల్పుగా ఉందో అక్కడ టేపు చుట్టండి. దాదాపు 18 సెంటీమీటర్లయితే 2-4, 19 అయితే 2-6, 20 అయితే 2-8. సైజుకూ సైజుకూ చుట్టుకొలతలో ఒక్క సెంటీమీటరే తేడా, అందుకే చూపుతో అంచనా వేస్తే తప్పుతుంది. పొద్దున కన్నా సాయంత్రం, అందులోనూ ఎండాకాలంలో, చేతులు కాస్త ఉబ్బుతాయి. రెండింటి మధ్యలో ఉంటే లక్క గాజుకు పెద్దదే తీసుకోండి, గాజు గాజులా అది కాస్తయినా లొంగదు.

కొట్లో గాజులు తొడిగే చేతిని గమనించండి. ఎడమ చేత్తో మీ వేళ్ల కణుపుల్ని దగ్గరకు నొక్కుతారు, బొటనవేలి మొదలును అరచేతిలోకి తోస్తారు, మీతో ఏదో మాట్లాడతారు. మీరు జవాబు చెప్పే క్షణంలో చేయి వదులవుతుంది, గాజు దిగిపోతుంది. చేయి బిగబడితే గాజు ఎక్కదని తెలిసినవాళ్ల పని అది. బేరం కూడా మాటల్లో కన్నా కదలికలో నడుస్తుంది: పెట్టె తెరవడం, దీపం కిందకు జరపడం, పక్కకు నెట్టడం, లేచి రెండడుగులు వేయడం, వెనక్కి పిలవడం. ముప్పై మంది దగ్గర చూస్తే ముప్పై చోట్లా వరస అదే.

చార్మినార్ చుట్టుపక్కల సందుల్లో ఇప్పటికీ వినబడే ఇంకో దరువు వరఖ్ కొట్టేవాళ్లది. మిఠాయిల మీదా పాన్ మీదా వేసే వెండి రేకు ఇది. చిన్న వెండి ముక్కల్ని పుస్తకం ఆకుల మధ్య ఒక్కొక్కటిగా పెట్టి, దాన్ని తోలు సంచిలో బిగించి, రాతి మీద ఉంచి, బరువైన సుత్తితో గంటల తరబడి కొడతారు. దెబ్బ నడిమి నుంచి మొదలై అంచుల వైపు జరగాలి, అప్పుడే వెండి నలువైపులా సమంగా పరుచుకుంటుంది. ఒక వైపు ఎక్కువ పడితే అక్కడ చిరుగుతుంది, ఇంకో వైపు మందంగా మిగిలిపోతుంది. కాబట్టి ఆ సమమైన టక్ టక్ చప్పుడు అలవాటు కొద్దీ వచ్చింది కాదు, నాణ్యతే ఆ చప్పుడు. మిషన్ రేకులు వచ్చాక ఈ దుకాణాలు బాగా తగ్గిపోయాయి. వినాలంటే పండగల ముందు పగటిపూట సందుల్లో నడవండి, కంటి కన్నా ముందు చెవే దారి చూపిస్తుంది.

చాయ్ దగ్గర లయ ఇంకొంచెం నెమ్మది. మక్కా మసీదు వైపున్న నిమ్రా హోటల్ ముందు నిలబడితే చార్మినార్ ఎదురుగానే కనిపిస్తుంది. ఇరానీ చాయ్‌లో డికాక్షన్, పాలు రెండూ వేర్వేరు గిన్నెల్లో, వేర్వేరు వేగంతో తయారవుతాయి. మూత బిగించిన గిన్నెలో డికాక్షన్ సన్నని మంట మీద దమ్ అవుతుంది, పాలు పక్కన చిక్కబడుతుంటాయి, రెండూ కప్పులోనే కలుస్తాయి. ఇంట్లో నాలుగు చిన్న కప్పులకు: 400 మిల్లీలీటర్ల నీళ్లు, మూడు చెంచాల చాయ్ పొడి, నాలుగు చెంచాల చక్కెర. గిన్నె అంచుకు తడి పిండి పట్టించి మూత మూసి, సిమ్‌లో 20 నుంచి 25 నిమిషాలు ఉంచాలి. అర లీటరు చిక్కటి పాలను వెడల్పు గిన్నెలో, అడుగంటకుండా కలుపుతూ 300 మిల్లీలీటర్లకు మరిగించాలి. సగం కప్పు డికాక్షన్ మీద సగం కప్పు పాలు. మంట పెంచి డికాక్షన్‌ను తెర్లిస్తే చేదు దిగుతుంది. తొందరకొద్దీ రెండూ ఒకే గిన్నెలో మరిగిస్తే అది మన మామూలు టీ, బాగానే ఉంటుంది గానీ ఇరానీ చాయ్ కాదు. ఉప్పూ తీపీ కలిసిన ఉస్మానియా బిస్కెట్‌ను ఇలా ముంచి అలా తీసేయాలి, ఇంకాస్త ఉంచారంటే కప్పు అడుగున వెతుక్కోవాలి.

మక్కా మసీదు ఆవరణలో పావురాల దగ్గర పది నిమిషాలు చాలు. జొన్నలు చల్లగానే గుంపు వాలుతుంది, ఏ పిల్లాడో పరుగెత్తగానే ఒక్కసారిగా లేస్తుంది, ఒక చుట్టు తిరిగి మళ్లీ అక్కడే వాలుతుంది. ఫొటో తీసేవాళ్లు లేచాక కెమెరా ఎత్తుతారు, అప్పటికే ఆలస్యం. పావురాల్ని వదిలేసి పిల్లవాడిని చూస్తూ ఉండండి, వాడి కాలు కదలగానే నొక్కండి. నమాజు వేళ మాత్రం కెమెరా సంచిలో ఉండాలి. మనుషుల ముఖాలు తీసేటప్పుడు ముందు అడగండి. "భాయ్, ఏక్ ఫోటో లే లూఁ?" అంటే "హౌ" (సరే) అనో "నక్కో" (వద్దు) అనో జవాబొస్తుంది, రెండూ మర్యాదగానే వస్తాయి.

వారం తాళం శుక్రవారం తెలుస్తుంది. మధ్యాహ్నం నమాజుకు ముందు చౌరస్తా మసీదు వైపుకు వాలుతుంది, ముగిశాక నాలుగు దారుల్లోకి పొంగుతుంది. ఆ పొంగు చూడాలనుకుంటే ముందే మొదటి అంతస్తుకో గుల్జార్ హౌజ్ వైపుకో చేరుకోవాలి, మధ్యలో ఇరుక్కుంటే వీపులు తప్ప ఏమీ కనిపించవు.

ఇక ఎండ. చార్మినార్ నాలుగు ముఖాలూ నాలుగు దిక్కులకు ఉండటం వల్ల ఇది ఊరంత పెద్ద నీడ గడియారం. ఎక్కువమంది పత్తర్‌గట్టి వైపు నుంచి వస్తారు కాబట్టి ఉత్తర ముఖాన్నే ఫొటో తీస్తారు. సెప్టెంబర్ చివరి వారం నుంచి మార్చి మూడో వారం దాకా సూర్యుడు దక్షిణం వైపే నడుస్తాడు, ఆ ఆరు నెలలూ ఉత్తర ముఖానికి సూటిగా ఎండ తగలదు. సరిగ్గా పర్యాటకులు ఎక్కువగా వచ్చే చలికాలంలోనే ఫొటోలు నల్లగా రావడానికి ఇదే కారణం, ఫోన్ తప్పేమీ లేదు. కమాను కింద నుంచి దాటి షాలీబండ వైపు వెళ్లి వెనక్కి తిరగండి, సున్నపు పూల పని ఒక్కొక్క రేకూ విడిగా కనిపిస్తుంది. పొద్దున్నే అయితే తూర్పు ముఖం, సాయంత్రం నాలుగు తర్వాత లాడ్ బజార్ వైపు ముఖం.

మినార్లు దాదాపు 56 మీటర్లు. హైదరాబాద్‌లో సూర్యుడు నడినెత్తికి వచ్చేది గడియారం పన్నెండుకు కాదు, సగటున 12.15 ప్రాంతంలో. డిసెంబర్ 21న ఆ వేళకు ఉత్తరపు మినార్ల నీడ గుల్జార్ హౌజ్ వైపు సుమారు 48 మీటర్లు పరుచుకోవాలి. మార్చి 21 నాటికి అది సుమారు 17 మీటర్లకు ముడుచుకుంటుంది. మే 9 ప్రాంతంలో అసలు ఉండదు. ఆ తర్వాత నీడ దిక్కు మార్చి దక్షిణానికి పడుతుంది, జూన్ 21న దక్షిణపు మినార్ల నీడ ఆరు మీటర్లే. ఆగస్టు 3 ప్రాంతంలో మళ్లీ మాయమై, ఉత్తరానికి తిరిగొస్తుంది. ఎండ పడే ఆ కాస్త చోటును బట్టే బండ్లు జరుగుతాయి. చలికాలంలో ఎండలోకి, మే నెలలో నీడలోకి. ఒకే బండిని డిసెంబర్‌లోనూ మేలోనూ చూస్తే ఏడాది ఎంత దూరం జరిగిందో అడుగుల్లో కొలవొచ్చు.

ఎండ తాళానికి పక్కనే నెలవంక తాళం నడుస్తుంది, రెండింటికీ పొంతన కుదరదు. రంజాన్ ఏటా సుమారు 11 రోజులు ముందుకు వస్తుంది. తెల్లవార్లూ తెరిచి ఉండే ఆ బజారు, హలీం బట్టీలు, చాంద్ రాత్ (ఈద్ ముందు రాత్రి) నాటి గాజుల రద్దీ ఒక ఏడు వడగాలిలో, కొన్నేళ్లకు చలిలో, ఇంకొన్నేళ్లకు వానలో జరుగుతాయి. 2030లో అయితే జనవరిలో ఒక రంజాన్ మొదలై, డిసెంబర్ ఆఖరున ఇంకోటి మొదలవుతుంది. తిరిగి అదే కాలానికి రావడానికి 33 ఏళ్లు. లాడ్ బజార్‌లో యాభై దాటిన వ్యాపారిని "ఎండాకాలం రంజాన్ ఎట్లుండె?" అని అడిగి చూడండి. లక్క మెత్తబడకుండా సరుకు ఎక్కడ దాచేదీ, ఏ వేళకు కొనేవాళ్లు వచ్చేదీ ఓపిగ్గా చెబుతారు.

నీడ లేని రోజు చూడాలంటే మే 9నే ఎంచుకోండి, ఆగస్టు 3న మబ్బు పట్టే అవకాశం ఎక్కువ. మినార్‌నే చూస్తే గ్యాలరీల అంచులు అడ్డొచ్చి సరిగ్గా తెలియదు. చదునైన రాతి పరుపు మీద, నాలుగు వైపులా చూసి నిటారుగా ఉందనుకున్నాక, నీళ్ల సీసా నిలబెట్టండి. 12.05 నుంచి నిమిషానికోసారి నీడ అంచున సుద్దముక్కతో చుక్క పెట్టండి. 12.12 దగ్గర చుక్క పెట్టడానికి చోటు ఉండదు. టోపీ, మంచినీళ్లు మరిచిపోవద్దు, ఆ వేళకు రాయి కాలుతూ ఉంటుంది. సీసా చుట్టూ పిల్లలు మూగుతారు. 12.20కి తూర్పు వైపు నీడ గోరంత బయటికొస్తుంది.